కంప్యూటరు ఆటల నిర్మాణవృత్తి – మన యువజనులు

(వార్షిక మహాసభ రెండవనాటి ఉదయమున చేసిన ఉపన్యాసము)



ఈ మహాసభయందు ప్రసంగింపుమని కార్యదర్శిగారు నాకు వ్రాసినప్పుడు కొంత సంకోచించితిని. ఇట్టి వేదికలమీద నూలుధరలను గూర్చియు, సహకారసంఘముల స్థితిని గూర్చియు, విద్యార్థి వసతిగృహమును గూర్చియు పెద్దలు మాటలాడుట బాల్యమునుండి విన్నవాడను. ఆటలను గూర్చి మాటలాడిన వారిని చూచి యెరుగను. కాని కార్యదర్శిగారి లేఖలోని యొక భాగము నన్ను కదలించినది. మన పిల్లలిద్దరు వీడియో ఆటలు తయారుచేయు పని నేర్చుకొందుమని విద్యార్థివేతనమునకు దరఖాస్తు పెట్టిరనియు, ఇది వృత్తియో వ్యసనమో తేల్చుకొనలేక ఆ దరఖాస్తులను ప్రక్కన నుంచితిమనియు, నేను వచ్చి చెప్పిన పిమ్మట నిర్ణయింతుమనియు వారు వ్రాసిరి. ఇద్దరు పిల్లల త్రోవ నా మాటకై ఆగియున్నదని తెలిసిన తరువాత ఇంటికడ కూర్చుండుట న్యాయము కాదని వచ్చితిని. నాకు ముప్పది నిముషములు ఇచ్చిరి. భోజనవేళ మీరకుండ ముగింతును.

మొదట ఒక చిక్కుముడి విప్పవలసియున్నది. పెద్దలకు 'ఆన్‌లైను ఆట' అనగానే పందెము జ్ఞాపకము వచ్చుచున్నది. అందులో వారి తప్పు లేదు. ఫోనులో పేకాడి యిల్లు పోగొట్టుకొన్నవారిని, అప్పులపాలై ఊరు విడిచినవారిని మనమందరము ఎరుగుదుము. మన రాష్ట్రప్రభుత్వము 2020లోనే పందెపు ఆన్‌లైను ఆటలను నిషేధించినది. కేంద్రప్రభుత్వము 2025 ఆగస్టులో చేసిన చట్టము డబ్బుపెట్టి ఆడు ఆన్‌లైను ఆటలను దేశమంతట నిషేధించి, పందెము లేని ఆటలను, 'ఈ-స్పోర్ట్సు' అను పోటీక్రీడలను ప్రోత్సహింపదగినవిగా వేరుచేసినది. నేను చెప్పబోవునది పందెమును గూర్చి కాదు. రేయింబగళ్లు ఫోను పట్టుకొని ఆడుటను గూర్చియు కాదు. ఆటను నిర్మించుటను గూర్చి. చీర కట్టుట వేరు, చీర నేయుట వేరు. ఆ భేదము ఈ సభకు నేను విప్పి చెప్పనక్కరలేదు.

ఒకప్పుడు సినిమాకును ఇదే గతి పట్టినది. సినిమాలు చూచు పిల్లవాడు చెడిపోయెనని అనుచుండిన దినములలో, సినిమాలు తీయుదునన్నవానికి పిల్లనిచ్చుటకు వెనుకాడిన దినములలో, పులివెందుల తాలూకా కొత్తపల్లెలో పుట్టిన బి. ఎన్. రెడ్డిగారు మద్రాసు చేరి వాహినీ సంస్థ పక్షమున 1939లో 'వందేమాతరము' తీసిరి. తమ్ముడు నాగిరెడ్డిగారు విజయా సంస్థను నడపిరి. అన్నకు 1974 సంవత్సరపు దాదాసాహెబు ఫాల్కే పురస్కారమును, తమ్మునికి 1986 సంవత్సరపుదియు లభించినవి. వారు మన కులమువారు కాకపోయినను మన నేలవారు. బయలుదేరిన నాడు వారి యూరిలో ఎవరికైనను అది వృత్తిగా తోచియుండునా యని నాకొక సందేహము.

ఇక కంప్యూటరు ఆటల వ్యాపారము ఎంతటిదో ఒక్క దృష్టాంతముతో చెప్పెదను. పూర్వులది అనంతపురము జిల్లాయైన సత్య నాదెళ్లగారు అధిపతిగా నున్న మైక్రోసాఫ్టు కంపెనీ, ఆక్టివిజన్ బ్లిజర్డ్ అను ఆటల కంపెనీని 2023 అక్టోబరులో సుమారు 6,870 కోట్ల డాలర్ల వెలకు కొనినది. ఆ సొమ్మును రూపాయలలోనికి మార్చి చెప్పుట ప్రొద్దుటూరు బంగారపు అంగళ్లవారికే విడుచుచున్నాను. అయితే ఆ డబ్బు చూచి మన పిల్లలను ఈ పనిలోనికి పంపుడని నేననను. ఎందుకనవో ముందు తెలియగలదు.

ఈ వృత్తి ఎట్టిదో మన మాటలలో చెప్పుటకు యత్నించెదను. మా నాయన జమ్మలమడుగు నేతవాడలో గుంటమగ్గముమీద పనిచేసెడివారు. ఎత్తులోనికి జకార్డు వచ్చిన తరువాత, కొంగు బుటాలకు నమూనా గీయుటకు ప్రొద్దుటూరినుండి ఒక పెద్దాయన వచ్చుచుండెడివాడు. ఆయన గళ్ల కాగితము పరచి, ఒక్కొక్క గడిలో ఎఱ్ఱ పెన్సిలుతో రంగువేసి నెమలిని గీయుచుండగా నేను ప్రక్కన గొంతుకూర్చుండి చూచుచుంటిని. దూరమునుండి నెమలి, దగ్గరనుండి గళ్లు. ఆ కాగితమును బట్టి అట్టలకు రంధ్రములు కొట్టుదురు. రంధ్రమున్నచోట పడుగుపోగు లేచును, లేనిచోట లేవదు. ఫ్రాన్సుదేశపు లియాను నగరమున జకార్డు అనునతడు 1804 ప్రాంతమున కల్పించిన యుపాయమిది. తరువాత ఇంగ్లాండులో బాబేజి అను గణితవేత్త లెక్కలు చేయు యంత్రమునకు ఆజ్ఞలిచ్చుటకై ఈ రంధ్రపు అట్టలనే వాడదలచెను. కంప్యూటరునకు మగ్గముతో చుట్టరికము ఇట్లు కలిగినది. ఇది మనవారిని ఉబ్బించుటకు చెప్పుమాట కాదు, చరిత్రపుస్తకములలోనే యున్నది.

కంప్యూటరు తెరయు గళ్ల కాగితమే. 1985లో జపానువారు విడుదల చేసిన 'సూపర్ మారియో' ఆటలోని బుడతడు, ఆట మొదలుపెట్టునప్పుడు, అడ్డము పదునారు గళ్లు, నిలువు పదునారు గళ్లు కల చదరములో, మూడు రంగులతో గీయబడినవాడు. పదునారు గళ్లలో మీసమును, టోపీని, పరుగును చూపుట ఎంత కష్టమో చిన్న బుటా గీసినవారికి వెంటనే తెలియును. ఆ బుడతడిని ప్రపంచమంతయు గుర్తుపట్టినది.

అయితే బొమ్మ గీసినంతమాత్రమున ఆట కాదు. ఆటకు ప్రాణము నియమము. మన రచ్చబండలమీద, పాత దేవళముల బండపరుపులమీద గీసియున్న పులిజూదము జ్ఞప్తికి తెచ్చుకొనుడు. మూడు పులులు, పదునైదు మేకలు. పులి మేకను దాటి దూకినచో మేక చచ్చును. మేకలు చుట్టుముట్టి పులికి కదలిక లేకుండ చేసినచో పులి ఓడును. మేకలను పదింటికి తగ్గింపుడు. పులులు ప్రతిసారియు గెలుచును. పులులను రెండింటికి తగ్గింపుడు. ఆడువానికి ఆవలింత వచ్చును. ఈ లెక్క సరిగా కుదురువరకు ఎవరో యొకరు ఎన్ని సాయంకాలములు రాళ్లు జరపి చూచిరో! వారి పేరు మనకు తెలియదు. ఆయన చేసిన పనినే నేడు 'గేమ్ డిజైను' అనుచున్నారు. వామనగుంటలును, ముక్కోటి ఏకాదశి రాత్రి మన యిండ్లలో ఆడు వైకుంఠపాళియు అట్టివే. వైకుంఠపాళిలో ఆడువాని తెలివికి చోటు లేదు, గవ్వదే రాజ్యము. పులిజూదములో గవ్వకు చోటు లేదు. ఏది ఎవరికి ఎందుకు రుచించునో ఆలోచించుటయే ఈ విద్యకు మొదటి పాఠము.

ఒక పెద్ద ఆటను ఒక్కడు చేయడు. నియమములు కూర్చువాడొకడు, వానిని యంత్రమునకు తెలియు భాషలో వ్రాయు ప్రోగ్రామరు ఒకడు, మనుష్యులను, కొండలను, కోటలను గీయు చిత్రకారులు, వానికి కదలిక నేర్పువారు, సంగీతమును చప్పుళ్లను కూర్చువారు, కథ వ్రాయువారు, అన్నియు కుదిరినవో లేదో ఆడి చూచి తప్పులు పట్టువారు, నెలకు ఇంతపని అని గడువు చూచుకొనువారు. పడుగు సవరించువాడు, అద్దకమువాడు, కండెలు చుట్టునది, నేయువాడు, మడతపెట్టి సంతకు మోయువాడు లేనిదే చీర లేనట్లు ఇదియు పలుచేతుల పని. కావున "మా వానికి లెక్కలు రావు" అనియో, "మా పాపకు బొమ్మలే వచ్చును" అనియో చెప్పి తలుపు మూయనక్కరలేదు. లెక్కలు వచ్చినవానికి ప్రోగ్రాములు కలవు. బొమ్మలు వచ్చినవారికి బొమ్మలపని కలదు. కాని ప్రోగ్రామరు కాదలచినవాడు ఇంటరులోని త్రికోణమితిని, సదిశలను పరీక్షతో పాటు మరచిపోరాదు. తెరమీది బొమ్మ ఎగిరి ఎంతయెత్తు పోవలెను, ఎప్పుడు దిగవలెను, గోడకు తగిలిన బంతి ఏ దిక్కునకు మరలవలెను అనునదంతయు ఆ లెక్కయే.

ఇప్పుడు నా సంగతి కొంచెము చెప్పుకొనుటకు అనుమతి వేడుచున్నాను. ఆత్మస్తుతి కొరకు కాదు. నేను చేసిన తప్పు మరియొకరు చేయకుండుటకు.

2012లో ఇంజనీరింగు పూర్తిచేసి, ఆటలు నిర్మింతునని ఇంటిలో చెప్పితిని. మా నాయన నాడెను చేతనే పట్టుకొని, "ఆటలాడితే అన్నం పెడతారేమిరా?" అనిరి. మా అమ్మ మాత్రము ఏమియు అనక రెండుదినముల తరువాత తన కాసులపేరు తీసి యిచ్చినది. దానిని ప్రొద్దుటూరిలో కుదువబెట్టి, హైదరాబాదులో ఒక శిక్షణశాలకు 1,80,000 రూపాయలు కట్టితిని. ఏడాదిలో కొలువు చేతికి వచ్చునని వారు కాగితముమీద వ్రాసి యిచ్చిరి. ఏడాదిలో నాకు నేర్పినది, ఇంటర్నెట్టులో ఉచితముగా దొరకు పాఠములలో నాలుగవవంతు కూడ లేదు. చూపించిన కొలువు ఫోనులో బాకీలు వసూలుచేయు పని. ఆ కాగితములో 'కొలువు' అని వ్రాసియుండెను గాని ఏ కొలువో వ్రాసియుండలేదు. కాసులపేరు తిరిగి రాలేదు. మా అమ్మ ఆ మాట నేటివరకును ఎత్తలేదు. అందుచేత నేనే ఎత్తుచున్నాను.

పిమ్మట 2013లో ఒక కంపెనీలో ఆటలను పరీక్షించు చిన్న యుద్యోగము దొరకినది. పరీక్షించుటయనగా సుఖముగా ఆడుకొనుట యని తలపకుడు. ఒకే గోడను మూడువందలమార్లు ఢీకొట్టి, ఏ మూలలో బొమ్మ గోడలోనికి దూరిపోవుచున్నదో కనిపెట్టి, మరల అదే జరుగునట్లు ఎట్లు చేయవచ్చునో ఇంగ్లీషులో వరుసగా వ్రాసి యిచ్చు పని. ఆ వ్రాతవలన నాకు రెండు మేళ్లు కలిగినవి. ఆట లోపల ఎట్లు కట్టబడునో తెలిసినది. ఇంగ్లీషులో సూటిగా వ్రాయుట అలవడినది. రాత్రులు గదిలో కూర్చుండి ప్రోగ్రాములు నేర్చుకొంటిని. 2015లో పులిజూదమును ఫోనులో ఆడుటకు వీలుగా తయారుచేసి విడిచితిని. దానిని దింపుకొన్నవారు నాలుగువందలమంది లోపే. వారిలో సగము మా బంధువులని నా యనుమానము. డబ్బు ఒక్క రూపాయియు రాలేదు. అయినను తరువాతి కొలువునకు పోయినప్పుడు నా పట్టాను ఎవరును అడుగలేదు. ఆ పులిజూదమును తెరచి, పులి తన ఎత్తును ఎట్లు ఎంచుకొనునో అని గంటసేపు ప్రశ్నించిరి. ప్రోగ్రామరుగా తీసికొనిరి. ఆ నాలుగువందలలో నాకు ఎక్కువ ఉపకారము చేసినది ఆ ఒక్క ప్రతియే.

అనగా ఈ వృత్తిలో పట్టాకన్న చేసిచూపిన పని ముఖ్యము. నేత నేర్చినవానిని షావుకారు పట్టా అడుగునా? గుడ్డ చూపుమనును.

ఎట్లు ఆరంభింపవలెనని యువకులు అడుగుచున్నారు. మొదట చెప్పునది: ఎవరికిని లక్షలు కట్టవద్దు. మగ్గము ప్రతివాడును తానే కొయ్య చెక్కి చేసికొననట్లు, ఆట చేయువాడు అన్నియు మొదటినుండి కట్టనక్కరలేదు. 'ఇంజను' అను సిద్ధపు చట్రములు కలవు. అన్‌రియల్ అనునది ఒకటి. ఆటవలన వచ్చిన మొత్తము రాబడి పదిలక్షల డాలర్లు దాటిన పిమ్మట పైమొత్తముమీద నూటికి అయిదు తీసికొనును. అంతవరకు ఏమియు కట్టనక్కరలేదు. యూనిటీ అనునది మరియొకటి. ఫోను ఆటలలో దానిని విశేషముగా వాడుచున్నారు. యూనిటీవారు 2023లో, ఆటను దింపుకొన్న ప్రతిసారికి ఇంత చెల్లింపవలెనని ప్రకటింపగా ప్రపంచమందలి నిర్మాతలు గగ్గోలుపెట్టిరి. 2024లో ఆ ప్రకటనను ఎత్తివేసిరి. అద్దెమగ్గముమీద నేయువాని కష్టము మనకు తెలియనిది కాదు. అద్దె ఎప్పుడు పెరుగునో చెప్పలేము. అందుచేత నేను క్రొత్తవారికి గోడో అను ఇంజనును సిఫారసు చేయుచున్నాను. అర్జెంటీనా దేశస్థులిద్దరు దానిని మొదలుపెట్టి 2014లో లోకమునకు ఉచితముగా విడిచిరి. దానికి అద్దె లేదు, వాటా లేదు. బొమ్మలకు బ్లెండరు, క్రీటా అనునవియు అట్లే ఉచితములు. ఖర్చు అంతయు కంప్యూటరుదే. మామూలు ల్యాపుటాపుతో చిన్న ఆటలు చేయవచ్చును. మొదటి ఏడాది అంతకన్న మించినది అక్కరలేదు.

రెండవది: చిన్నదానితో మొదలుపెట్టుడు. నాకడకు వచ్చు పిల్లలలో నూటికి తొంబదిమంది మొదటి ఆటయే వందమంది సైనికులతో, పదివేల ఎకరముల మైదానముతో చేయుదుమందురు. నేయుట రానివాడు మొదటిదినమున పట్టుచీర ఎత్తునా? తువాలు ఎత్తవలెను. 1972లో వచ్చిన 'పాంగ్' అను ఆట రెండు గీతలు, ఒక చుక్క మాత్రమే. 1984లో మాస్కోలో పజిత్నోవు కల్పించిన 'టెట్రిస్' ఏడు ఆకారముల కొయ్యముక్కలను పోలినది. ఈ రెంటిని మీరు స్వయముగా మరల కట్టి, చివరివరకు పూర్తిచేయుడు. పూర్తిచేయుట అను మాటను గట్టిగా చెప్పుచున్నాను. సగము చేసిన యిరువది ఆటలకన్న పూర్తిచేసిన యొక్క చిన్న ఆట వెలగలది. పిమ్మట 'గేమ్ జాము' లను పోటీలలో చేరుడు. రెండుమూడు దినములలో, ఇచ్చిన యంశముమీద ఆట కట్టవలెను. 2009లో మొదలైన గ్లోబల్ గేమ్ జాము ఏటేట జరుగుచున్నది. ఇంటినుండి పాల్గొనదగిన పోటీలును పెక్కు కలవు. ఇచ్.ఐఓ అను స్థలమున మీ యాటలను రుసుము లేకుండ పెట్టవచ్చును. ఫోను ఆటలకు గూగులువారి యంగడిలో ఒక్కసారి 25 డాలర్లు, కంప్యూటరు ఆటలకు స్టీము అను నంగడిలో ఆటకు 100 డాలర్లు కట్టవలెను. అమ్మకములో సాధారణముగా నూటికి ముప్పది స్టీమువారు తీసికొందురు. దళారి లేని సంత ఎక్కడను లేదు గదా!

చదువు మాని ఇందులో దూకుమని నేననను. మన ప్రాంతమున చదువునకు కొరత లేదు. ఇడుపులపాయలో 2008లో ఏర్పడిన ట్రిపుల్ ఐటి కలదు. పులివెందులలో 2006లో ఏర్పడిన జె. ఎన్. టి. యు. ఇంజనీరింగు కళాశాల కలదు. ప్రొద్దుటూరిలో యోగివేమన విశ్వవిద్యాలయమువారి ఇంజనీరింగు కళాశాల కలదు. చిత్రకళయందు ఆసక్తి కలవారికి 2020లో కడపలో వాస్తు, లలితకళల విశ్వవిద్యాలయము ఏర్పడినది. కంప్యూటరు శాస్త్రమో, చిత్రకళయో, ఏదియో ఒక గట్టి చదువు చేత నుంచుకొని, దానితోపాటు సాయంకాలములు ఆటలు కట్టవలెను. ఈ విద్యలోనే పైచదువు కోరువారికి జాతీయ డిజైను సంస్థవారు బెంగుళూరులో డిజిటలు ఆటల రూపకల్పనయందు ఎం. డిజైను పట్టా నిచ్చుచున్నారు, ప్రవేశపరీక్ష కఠినము.

కొలువుల సంగతి. బెంగుళూరున రాజేశ్ రావుగారు 1997లో ధ్రువ అను కంపెనీ పెట్టినప్పుడు దేశమున ఈ పని దాదాపు శూన్యము. 2019లో దానిని రాక్‌స్టారు అను ప్రసిద్ధ విదేశీసంస్థ కొనినది. పూనాలో ఫ్రెంచివారి యూబీసాఫ్టు, హైదరాబాదులో అమెరికావారి ఎలక్ట్రానిక్ ఆర్ట్సు కార్యాలయములు కలవు. ఆటనిర్మాతల అఖిలభారత సమ్మేళనము పెక్కుమారులు హైదరాబాదుననే జరిగినది. స్వంతముగా చేసినవారును కలరు. హైదరాబాదువారైన ఓగర్ హెడ్ స్టూడియోవారు 2017లో 'అసుర' అను ఆటను విడుదల చేసిరి. పూనాలో ముగ్గురు కలసి స్థాపించిన యొక చిన్నసంస్థ 2020లో 'రాజీ' అను ఆటను వెలువరించినది. తమ్ముని వెదకుచు బయలుదేరిన యొక బాలిక కథ. పురాణములు, కోటలు, శిల్పములు అన్నియు మనవే. దానిని చూచినప్పుడెల్ల నాకు గండికోట జ్ఞాపకము వచ్చును. పెన్న కోసిన లోయ, ఆ యెఱ్ఱని బండలు, మాధవరాయ దేవళము, జుమ్మా మసీదు, ధాన్యాగారము - విదేశములలో ఇట్టి స్థలమును ఊహించి గీయుటకు చిత్రకారులకు జీతములిచ్చుచున్నారు. మనకు జమ్మలమడుగునుండి పదునైదు కిలోమీటర్లు.

ఇంతవరకు విన్నవారు, ఇక పంపుదమని లేచెదరేమో. కూర్చుండుడు, చేదుమాట మిగిలియున్నది.

ఈ వృత్తిలో నిలకడ తక్కువ. 2023, 2024 సంవత్సరములలో ప్రపంచమంతట ఏటికి పదివేలకు పైబడిన ఆటపనివారు కొలువులు కోల్పోయిరి. ఇందాక చెప్పిన మైక్రోసాఫ్టువారే, ఆ పెద్దకొనుగోలు ముగిసిన మూడునెలలకు, 2024 జనవరిలో, ఆటల శాఖనుండి 1,900 మందిని తొలగించిరి. ఆ సంవత్సరముననే నేను పనిచేయుచుండిన సంస్థయు మా జట్టును మూసివేసినది. నెలజీతమునకు అలవాటుపడిన యింటిలో ఆ వార్త చెప్పుట ఎట్లుండునో, మగ్గము నిలిచిపోయిన యిండ్లవారికి నేను వర్ణింపనేల? ఏడునెలలు ఖాళీగా నుంటిని. ఇప్పుడు నలుగురము కలసి ఇతరుల ఆటలకు పనిచేసి యిచ్చుచు, మిగిలిన ప్రొద్దున మా స్వంత ఆట కట్టుకొనుచున్నాము. కూడు దొరకుచున్నది. అంతకుమించి చెప్పుకొనుటకు లేదు.

ఒంటరిగా చేసి ధనవంతులైనవారి కథలు పిల్లలు చెప్పుదురు. అమెరికాలో ఎరిక్ బెరోన్ అనునతడు నాలుగేండ్లకు పైగా ఒక్కడే కూర్చుండి 'స్టార్‌డ్యూ వ్యాలీ' అను సేద్యపు ఆటను కట్టి 2016లో విడిచి, విశేషముగా ఆర్జించినమాట నిజము. ఆ నాలుగేండ్లు అతనికి నీడ, తోడు ఉండెను. ఏటేట స్టీములో వేలకొలది క్రొత్త ఆటలు వచ్చుచున్నవి. వానిలో పెక్కింటి పేరు మనము వినము. అప్పుచేసి ఈ పందెము కాయరాదు. పందెము కాదని మొదట నేనే చెప్పితిని. అప్పుతో దిగినచో ఇదియు పందెమే.

ఇక సంఘము ముందున్న ప్రశ్న. దరఖాస్తులు రెండును కార్యదర్శిగారు నిన్న రాత్రి నాకు చూపిరి. ఒకటి ప్రొద్దుటూరి బాలునిది. పట్టణములోని యొక శిక్షణశాలకు రెండున్నర లక్షల రుసుము కోరినాడు. జతపరచిన ప్రకటనపత్రమును చదివితిని. 'నూటికి నూరుపాళ్లు కొలువు' అని యున్నది. పదుమూడేండ్ల క్రింద నేను సంతకము చేసిన కాగితమే మరల చేతికి వచ్చినట్లయినది. దీనికి సంఘధనము ఒక్క రూపాయియు ఇయ్యవద్దని నా సలహా. అయితే బాలుని తిరస్కరింపవద్దు. అతడు ఆ సొమ్ములో అయిదవవంతుతో ల్యాపుటాపు కొనగలడు. ఆరునెలలలో మూడు చిన్న ఆటలు పూర్తిచేసి తెచ్చినచో తరువాతి సంగతి ఆలోచింతము. తేనిచో ల్యాపుటాపు వసతిగృహమునకు చెందును. ఈ షరతు కఠినమని కొందరికి తోచును. నా కప్పుడు ఎవరైనను ఈ షరతు పెట్టియుండినచో మా అమ్మ మెడ బోసిపోకుండెడిది.

రెండవది పులివెందుల ప్రాంతపు బాలికది. ఇంటరు చదువుచున్నది. ఆమె రుసుము అడుగలేదు. గీతలు గీయు పలకయు, వసతిగృహమున సాయంకాలము రెండుగంటలు కంప్యూటరు వాడుకొనుటకు అనుమతియు అడిగినది. దరఖాస్తుతో, తాతగారి పాత గళ్ల కాగితములమీద తాను గీసిన యిరువదినాలుగు బొమ్మలు జతపరచినది: నడచు మేక, దూకు మేక, పడుకొన్న మేక. వరుసగా త్రిప్పి చూచినచో మేక నిజముగా దూకుచున్నది. ఎవరును నేర్పలేదట. ఆమె తండ్రిగారు ఈ సభలోనే యున్నారని తెలిసినది. ఆడపిల్లకు ఈ పని ఎందుకని, ఇంటరు కాగానే పెండ్లి చేయుదునని వారు కార్యదర్శిగారితో చెప్పిరట. అయ్యా! మీ యింటి సంగతి చెప్పుటకు నాకు అధికారము లేదు. నాకన్న పెద్దవారు. ఒక్కమాట మాత్రము విన్నవింతును. మీ తండ్రిగారి కాగితములమీద ఆ పిల్ల గీసిన దానిని నేను పని యిచ్చువాడనై చూచియుండినచో, ఎవరి కూతురని అడుగక పిలిచియుందును. మా జట్టులో బొమ్మలు గీయువారు ఒకరే. డిగ్రీ మూడేండ్లు చదువనిండు. ఆ మూడేండ్లు ఆమె చేయు పనిని నెలనెల చూచి తప్పులు దిద్దుటకు నేను పూచీపడుచున్నాను. ఆ పిల్ల ఇంటినుండియే చేయదగిన పని కూడ ఇందులో కలదు. అది మీకు ఊరటయైనచో చెప్పుచున్నాను గాని, పిల్ల హైదరాబాదు పోదలచినచో అడ్డుపడవద్దనియే నా మనవి.

దాతలకు ఒక విన్నపము. ప్రొద్దుటూరు వసతిగృహమున మేడమీద ఖాళీగానున్న గదిలో నాలుగు కంప్యూటర్లు, ఒక గీతపలక, ఇంటర్నెట్టు ఉంచినచో చాలును. పాలరాతి ఫలకముమీద పేర్లు చెక్కించుటకు చేయు వ్యయముకన్న ఎక్కువ కాదు. ఫలకము కావలెనన్నను నాకు అభ్యంతరము లేదు, ఆ గది తలుపుమీదనే చెక్కింపవచ్చును. ఆటలు కట్టుట నేర్చినవాడు ఆటలలో నిలువలేకపోయినను, ఆ ప్రోగ్రాములవిద్య, ఆ చిత్రములవిద్య వేరు కంపెనీలకును పనికివచ్చును. నాతో పనిపోగొట్టుకొన్నవారిలో పలువురు అట్లే వేరుదారులు పట్టిరి. ఆ గది ఏర్పడినచో ప్రతినెల రెండవ ఆదివారము నేను హైదరాబాదునుండి రాత్రి బస్సులో వచ్చి, పగలంతయు అక్కడ కూర్చుందును. నాకు దారిఖర్చు అక్కరలేదు. భోజనము మాత్రము పెట్టింపుడు.

వచ్చు రెండవ ఆదివారమునకు గది సిద్ధము కాకపోయినను నేను వచ్చుచున్నాను. మేక బొమ్మలు గీసిన బిడ్డ, ల్యాపుటాపు కోరిన బాలుడు, వారితోపాటు ఎవరైనను సరే, తాము చేసిన దేదైనను, అది గళ్ల కాగితమైనను, ఫోనైనను, చేత పట్టుకొని ఉదయము తొమ్మిదిగంటలకు వసతిగృహమునకు రావలయును. తల్లిదండ్రులు వెంట వచ్చినచో మరియు మంచిది. వారికి చూపుటకు నా పులిజూదము ఇప్పటికిని నా ఫోనులో నున్నది.